ముఖలింగం గోడల మీది అక్షరాలను మాకు చదివి వినిపించండి

పురావస్తు, దేవాదాయ, పర్యాటక శాఖల అధికారులకు,

శ్రీకాకుళం జిల్లాలోని శ్రీముఖలింగం ఆలయాల బాగోగులను, గజపతి జిల్లాలోని మహేంద్రగిరి మీది గుళ్ళ బాగోగులను చూస్తున్న రెండు రాష్ట్రాల అధికారులందరికీ పర్లాకిమిడి నుంచి ఒక విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుడు నమస్కరించి రాస్తున్న లేఖ ఇది. నా విన్నపం చిన్నదే. ఆ రెండు చోట్లా రాళ్ళ మీద ఉన్న శాసనాలలో కొన్నింటినైనా మూలపాఠంతోను, అర్థంతోను, తెలుగులోను, ఒడియాలోను ఆ రాళ్ళ పక్కనే చదువుకునే వీలు కల్పించండి. కొండ మీది గుడి కథా, కొండ కింది నది ఒడ్డున ఉన్న గుడి కథా ఒక్కటేనని అక్కడికి వచ్చినవారికి తెలిసేలా రాయించండి. ఇంత చిన్న కోరికకు ఇంత పెద్ద లేఖ ఎందుకంటే, ఆ గోడల మీద ఏమున్నదో కొంతైనా చెప్పకుండా అడిగితే నా కోరికలోని బరువు మీకు తెలియదని.

మహాశివరాత్రి తరువాత ముఖలింగంలో జరిగే చక్రతీర్థ స్నానానికి మా ఇంటిల్లిపాదీ వెళ్ళడం మా తాతల నాటి ఆనవాయితీ. పర్లాకిమిడి దాటి పాతపట్నం, హిరమండలం మీదుగా వెళితే వంశధార ఒడ్డున గుడి శిఖరం కనిపిస్తుంది. ఆ రోజున నది ఇసుకలో వినిపించే మాటల్లో సగం తెలుగైతే సగం ఒడియా. మధ్యలో కొండల నుంచి దిగివచ్చిన సవరల మాట కూడా వినిపిస్తుంది. ఒకసారి స్నానాలు ముగించుకుని మధుకేశ్వరాలయం గోడ పక్కన నీడలో కూర్చున్నప్పుడు, ఒడియా బడిలో చదువుకుంటున్న మా మనవరాలు రాతి మీద వేలు పెట్టి, "తాతా, ఈ రాతలేటి? ఒడియావా, తెలుగువా?" అని అడిగింది. నలభై ఏళ్ళు తెలుగు పాఠం చెప్పినవాడిని. వంగి చూశాను. ర, న, గ వంటి నాలుగైదు అక్షరాలను పోల్చుకోగలిగాను, "శ్రీ"ని పోల్చుకోగలిగాను, "శక" అన్న మాట దగ్గర ఆగిపోయాను. ఆ పిల్ల నా ముఖం వంక ఒకసారి, రాతి వంక ఒకసారి చూసి పీచుమిఠాయి కొనుక్కోవడానికి వెళ్ళిపోయింది. చుట్టూ చూస్తే, గోడను పాడుచేసినవారికి పడే శిక్ష ఎంతో, జరిమానా ఎంతో తెలిపే బోర్డు మాత్రం చక్కగా కనిపించింది. ఆ గోడ ఏమి చెబుతున్నదో తెలిపే మాట ఎక్కడా కనిపించలేదు.

మా ఊరి సంగతి ఒక్క ముక్కలో చెప్పాలి. 1936 ఏప్రిల్ 1న ఒడిశా ప్రత్యేక ప్రాంతంగా ఏర్పడినప్పుడు పర్లాకిమిడి పట్టణం అటు వెళ్ళింది, కూతవేటు దూరంలో ఉన్న పాతపట్నం ఇటు మిగిలింది. 1992లో గంజాం జిల్లాను విడదీసి గజపతి జిల్లాను చేసినప్పుడు మా ఊరు దానికి ముఖ్యపట్టణమైంది. కాగితాల మీద పరలాఖెముండి అని రాసుకుంటాం, ఇంట్లో పర్లాకిమిడి అంటాం. రెండు పేర్లతోనూ మాకు పేచీ లేదు. ముఖలింగం ఒక రాష్ట్రంలో, మహేంద్రగిరి మరొక రాష్ట్రంలో పడటం వల్ల ఆ రెండింటినీ కలిపి చెప్పే బాధ్యత ఎవరికీ చెందకుండా పోయింది. నా పేచీ దానితోనే.

ఆ రెండూ ఎలా కలుస్తాయో చెప్పడానికి కళింగ గంగరాజుల రాగి శాసనాలకంటే మంచి సాక్ష్యం లేదు. వారి రాజధాని కళింగనగరం నుంచి ఇచ్చిన ఆ దానపత్రాలలో రాజు తన పేరు చెప్పుకోవడానికి ముందు ఒక పొడవాటి సంస్కృత వాక్యం వస్తుంది: "మహేంద్రాచలామల శిఖర ప్రతిష్ఠితస్య సచరాచరగురోః సకలభువన నిర్మాణైక సూత్రధారస్య శశాంకచూడామణేర్భగవతో గోకర్ణస్వామినః" అని మొదలై, ఆ స్వామి పాదాలకు మొక్కి కలికాలపు మచ్చ కడుక్కున్నవాడు ఈ రాజు అని సాగుతుంది. మహేంద్రగిరి నిర్మల శిఖరం మీద నెలకొన్నవాడు, కదిలేవాటికీ కదలనివాటికీ గురువు, సమస్త లోకాల నిర్మాణానికీ ఒకే ఒక్క సూత్రధారి, చంద్రుణ్ణి తలపువ్వుగా ధరించినవాడు గోకర్ణస్వామి అని దాని అర్థం. సూత్రధారి అన్న మాటను ఇవాళ నాటకానికే వాడుకుంటున్నాం. నూలు తాడు పట్టి కొలత వేసి గుడి కట్టే శిల్పాచార్యునికీ అదే పేరు. లోకాలన్నింటినీ కట్టిన మేస్త్రీ కొండ మీద ఉన్నాడని చెప్పి, ఆయన పేరు మీద నది ఒడ్డున గుళ్ళు కట్టించిన వంశం ఇది. ఏలేవారు కింద వంశధార తీరంలో ఉన్నారు, కులదైవం పైన మహేంద్రగిరి మీద ఉన్నాడు. రాగిరేకులో ఒకే వాక్యంలో ఉన్న ఈ రెండు చోట్లకూ ఇవాళ రెండు వేర్వేరు కరపత్రాలు, అవీ ఒకదానినొకటి ఎరగనివి.

ఇక ముఖలింగం గుడి పుట్టుక గురించి మా ప్రాంతంలో చెప్పుకునే కథ మీకు తెలియనిది కాదు. ఇద్దరు భార్యలున్న ఒక సవర, ఇప్పచెట్టు పూల కోసం ఆ ఇద్దరూ రోజూ పడుతున్న తగవు భరించలేక చెట్టునే నరకబోతే అందులోంచి శివుడు ముఖం చూపించాడట. మా నాయనమ్మ ఈ కథ చెప్పేటప్పుడు తగవు భాగాన్ని ఎంత సాగదీసేదంటే, శివుడు వచ్చేసరికి మేము నిద్రపోయేవాళ్ళం. పెద్దయ్యాక తెలిసిన విషయమేమిటంటే, శక సంవత్సరం 1040, అంటే క్రీస్తు శకం 1118 నాటి అనంతవర్మ చోడగంగదేవుని రాగి శాసనంలోనూ ఇప్పచెట్టు ఉన్నది. ఆయన పూర్వీకుడైన రెండవ కామార్ణవుడు నగరమనే పురాన్ని రాజధానిగా చేసుకుని, మధూక వృక్షం నుంచి లింగరూపంలో వెలసిన ఈశ్వరునికి మధుకేశుడని పేరు పెట్టి ఎత్తైన గుడి కట్టించాడని అందులో ఉన్నది. మధూకమంటే ఇప్పే. రాజు రాయించిన సంస్కృతమూ, నాయనమ్మ చెప్పిన కథా ఒకే చెట్టు దగ్గర కలుసుకోవడం నాకు ఇప్పటికీ ఆశ్చర్యమే. సవరలు ఇప్పటికీ మా జిల్లా కొండల్లో ఉన్నారు, ఇప్పపూలు ఇప్పటికీ ఏరుకుంటున్నారు, చక్రతీర్థానికి ఇప్పటికీ దిగి వస్తున్నారు. వారి పేరు గుడి ఆవరణలో ఎక్కడైనా రాసి ఉంటే బాగుంటుందని వేరే చెప్పనక్కరలేదనుకుంటాను.

కట్టడం విషయానికి వస్తే, శ్రీముఖలింగంలో మధుకేశ్వరుడు, భీమేశ్వరుడు, సోమేశ్వరుడు అని మూడు గుళ్ళున్నాయి. దక్షారామం వంటి అంతస్తుల విమానాలకూ, తమిళదేశపు గోపురాలకూ అలవాటు పడిన తెలుగు యాత్రికుడు ఇక్కడికి రాగానే కాస్త తడబడతాడు. నిలువుగా లేచి, పైకి పోయేకొద్దీ లోపలికి ఒంగి, ఉసిరికాయ ఆకారపు ఆమలకంతో ముగిసే రేఖా శిఖరం ఇక్కడ కనిపిస్తుంది. భువనేశ్వరం చూసిన ఒడియా యాత్రికునికి మాత్రం సొంత ఊరికి వచ్చినట్టుంటుంది. భువనేశ్వరంలో ఏడవ శతాబ్దపుదని చెప్పే పరశురామేశ్వరాలయంలో ఎత్తైన గర్భాలయానికి ముందు పొడవుగా, ఎత్తు తక్కువగా, రెండు అంచెల చదును కప్పుతో ఒక మండపం ఉంటుంది. మధుకేశ్వరుని ముందున్న మండపం ఆ దారిలోనిదే. అయితే ఇక్కడి శిల్పులు అక్కడితో ఆగలేదు. ఆ మండపపు నాలుగు మూలలకూ చిన్న గుళ్ళను చేర్చి, నడిమి గుడితో కలిపి పంచాయతనంగా తీర్చారు. దూరం నుంచి చూస్తే పెద్ద శిఖరం చుట్టూ పిల్ల శిఖరాలు కూర్చున్నట్టుంటుంది. ద్వారబంధాల మీది లతల పనితనం గురించి నేను రాయగలిగింది తక్కువ; ఒక్కొక్క తీగ మలుపులో ఒక మనిషో, పక్షో, గణమో దాగి ఉంటుంది కనుక అక్కడ నిలబడినవాడు అంత తొందరగా కదలడు. నటరాజు, వరాహమూర్తి, కుమారస్వామి వంటి విగ్రహాలూ, వారాహీ అమ్మవారూ ఉన్న ఈ ఆవరణను శైవక్షేత్రమనే ఒక్క మాటతో సరిపెట్టడం కష్టం.

సోమేశ్వరాలయానికి ముందు మండపం లేదు. అందువల్ల నేల నుంచి ఆమలకం దాకా శిఖరమంతా ఒక్క చూపులో అందుతుంది. రేఖా దేవళమంటే ఏమిటో పిల్లలకు చూపించాలంటే ఇంతకన్నా మంచి నమూనా ఈ చుట్టుపక్కల లేదని నా అభిప్రాయం. ఒడియా శిల్పులు గుడిని మనిషి దేహంగా లెక్కవేస్తారు: అడుగున పాభాగతో మొదలయ్యే నిలువు గోడ బాడ, ఆపైన ఒంపు తిరిగిన గండి, చివర మస్తక, మస్తకంలో మళ్ళీ మెడ అయిన బెకి, దాని మీద ఆమలకం, ఆపైన పుర్రె అనే అర్థం వచ్చే ఖపురి, కలశం. దక్షిణాది శిల్పశాస్త్రమూ గుడిని దేహంగానే చూస్తుంది: అధిష్ఠానం, పాదం, ప్రస్తరం, గ్రీవం, శిఖరం, స్తూపి. వాళ్ళ బెకి, మన గ్రీవం రెండూ మెడలే. రెండు భాషలూ ఇంట్లో వినే మా పిల్లలకు ఈ రెండు జాబితాలనూ సోమేశ్వరుని ముందు నిలబెట్టి, వేలితో చూపిస్తూ చెప్పగలిగితే అరగంటలో వచ్చేస్తుంది. బడి పుస్తకంలో బొమ్మ చూపించి చెబితే ఏడాదికీ రాదు. భీమేశ్వరాలయం మిగతా రెండింటి పక్కన సాదాగా కనిపిస్తుంది, శిల్పం తక్కువ. తొందరలో ఉన్న యాత్రికులు దానిని వదిలేసి పోతారు. ఆ స్వామిని అనియంక భీమేశ్వరుడని పిలవడంలో గంగరాజు అనియంకభీమ వజ్రహస్తుని పేరు నిలిచి ఉన్నదన్న సంగతి గుమ్మం దగ్గర ఒక్క పంక్తిలో రాసి ఉంటే కొందరైనా ఆగుతారు.

ఇప్పుడు నా విన్నపానికి మూలమైన శాసనాల దగ్గరకు వస్తాను. ముఖలింగంలో వందకు మించిన శాసనాలు ఉన్నాయి. 1925లో ప్రభుత్వం ప్రచురించిన దక్షిణ భారత శాసనాల అయిదవ సంపుటంలో వాటి పాఠాలు అచ్చయ్యాయి. తెలుగు శాసనాలను తెలుగు లిపిలోనే అచ్చువేశారు. అంటే చదవడమనే కష్టమైన పని మన ముందుతరాల వారు వందేళ్ళ కిందటే చేసి పెట్టారు. అయితే ఆ సంపుటంలో అనువాదాలు లేవు, ఆ సంపుటం మా ఊళ్ళో దొరకదు, దొరికినా అందులోని పాఠానికీ గోడ మీది రాతికీ లంకె కుదుర్చుకోవడం సామాన్యుని వల్ల కాదు. గోడ ముఖలింగంలో ఉన్నది, పాఠం గ్రంథాలయంలో ఉన్నది, చదవాలని తపించే మనిషి ఆ రెండింటికీ దూరంగా ఉన్నాడు.

వీటిలో ఎక్కువ భాగం స్వామికి అఖండదీపం పెట్టిన దానాలు. ఎవరో ఒకరు ఇన్ని మాడలు, అంటే ఆనాటి బంగారు నాణేలు, ఇచ్చి, ఆ సొమ్ముతో సూర్యచంద్రులున్నంత కాలం దీపం వెలగాలని రాయించుకున్నారు. ఆ మాటల్లో రాజుగారి ఏలుబడి ఎన్నో ఏడన్నది ఉంటుంది, శక సంవత్సరం ఉంటుంది, తిథీ వారమూ ఉంటాయి, దాత ఊరూ పేరూ ఉంటాయి. యుద్ధాల చరిత్రకంటే ఇది నాకు దగ్గరగా తోస్తుంది. దీపానికి నెయ్యి ఎవరు పోయాలి, సొమ్ము ఎవరి చేతికి ఇచ్చారు, ఈ ధర్మాన్ని తప్పించినవాడికి ఏ పాపం చుట్టుకుంటుంది అన్న లెక్కలన్నీ రాతికెక్కించిన మనుషులు మనలాంటివారే. నన్నయగారి కాలానికి అటూ ఇటూగా, మా ప్రాంతపు తెలుగు ఎలా ఉండేదో తెలుసుకోవాలంటే ఆ దీపాల లెక్కలే మాకు దిక్కు.

కాలాన్ని చెప్పే పద్ధతి అయితే మరీ ముచ్చటైనది. అనియంకభీమ వజ్రహస్తుని తరువాత అదే పేరుతో ఏలిన మరో వజ్రహస్తుని పట్టాభిషేక సంవత్సరాన్ని రాగిరేకులో "వియదృతునిధి" అన్న మాటలతో చెప్పారు. వియత్తు ఆకాశం, అంటే సున్న. ఋతువులు ఆరు. నిధులు తొమ్మిది. కుడి నుంచి ఎడమకు పేర్చుకుంటే శకం 960, అంటే క్రీస్తు శకం 1038. ఆయన మనుమడు చోడగంగునిది "నందరంధ్రగ్రహ". నందులు తొమ్మండుగురు, శరీర రంధ్రాలు తొమ్మిది, గ్రహాలు తొమ్మిది, వెరసి శకం 999, క్రీస్తు శకం 1078. నేను పనిలో ఉన్న రోజుల్లో ఈ రెండు లెక్కలూ నల్లబల్ల మీద వేస్తే, తెలుగు పాఠమంటే కిటికీలోంచి బయటకు చూసే పిల్లలు కూడా తమ పుట్టిన సంవత్సరాన్ని అలా కట్టడానికి పోటీ పడేవారు. ఈ పొడుపుకథను గుడి ఆవరణలో ఒక పలక మీద రాసి పెట్టి చూడండి. సెలవుల్లో వచ్చే ఏ పిల్లవాడూ దానిని దాటి పోడు.

ఇక మా మనవరాలి ప్రశ్నకు జవాబు. ఒడియావా, తెలుగువా అంటే, గంగరాజుల రాగిరేకులు కొన్నింటిలో ఉత్తరాది నాగరి అక్షరాలూ దక్షిణాది అక్షరాలూ ఒకే పంక్తిలో కలగలిసి ఉంటాయి. రాసినవాడికి రెండూ వచ్చు, రెంటినీ వాడాడు. ఆ రేకు చెక్కినవాణ్ణి మా వీధిలోకి తెచ్చి నిలబెడితే అతనికేమీ కొత్తగా ఉండదు. మా కొట్ల మీది పేర్లూ అలాగే ఉంటాయి.

ఈ శాసనాలను చదవడంలో మా ఊరికి ఒక బంధుత్వం కూడా ఉన్నది. ముఖలింగానికి దగ్గరలోని పర్వతాలపేటలో 1863లో పుట్టి, 1880లో పర్లాకిమిడి రాజావారి బడిలో ఉపాధ్యాయుడిగా చేరిన గిడుగు రామమూర్తిగారు, పాత లిపులను సొంతంగా నేర్చుకుని ముఖలింగం శాసనాలను చదివారు. గంగరాజుల కళింగనగరం సముద్రతీరంలోని కళింగపట్నమేనని కొందరు పండితులు అనుకుంటున్న కాలంలో, అది ముఖలింగమూ దాని పక్కనున్న నగరికటకమూనని వాదించారు. పైన చెప్పిన వజ్రహస్తుని పట్టాభిషేకపు తేదీ ఉన్న నడగాం రాగిరేకులను, శాసనాలను అచ్చువేసే ఎపిగ్రాఫియా ఇండికా అనే పత్రిక నాలుగవ సంపుటంలో పరిష్కరించి అచ్చువేయించినదీ ఆయనే. సవర భాషకు వ్యాకరణం, నిఘంటువు కట్టినదీ ఆయనే. రామమూర్తిగారిని వ్యావహారిక భాషోద్యమానికి మాత్రమే తలుచుకుని, ఏటా ఆగస్టు 29న దండ వేసి ఊరుకుంటాం. శాసనం ముందు కూర్చున్న ఆ బడిపంతులును తలుచుకునే చోటు ఒకటి ఉండాలంటే అది ముఖలింగం ఆవరణే. 1936లో పర్లాకిమిడి ఒడిశాలో చేరినప్పుడు ఆయన ఊరు విడిచి రాజమండ్రి వెళ్ళిపోయారు. మేము ఉండిపోయాం. ఉండిపోయినవారి మనవలు ఒడియా బడుల్లో చదువుకుంటున్నారు, హాయిగా చదువుకుంటున్నారు. అందుకే పలకలు రెండు భాషల్లో కావాలంటున్నాను.

మహేంద్రగిరి మాట కొంత చెప్పాలి. 1501 మీటర్ల ఎత్తున్న ఆ కొండ మీద భీముని గుడి, కుంతి గుడి, యుధిష్ఠిరుని గుడి అని జనం పిలిచే ఆలయాలున్నాయి. పాండవులు వచ్చారనీ, పరశురాముడు ఇప్పటికీ తపస్సు చేస్తున్నాడనీ నమ్మకం. కుంతి గుడిని గోకర్ణేశ్వరాలయంగా చెప్పుకుంటారు. భీముని గుడి చిన్నదే గాని, దానికి వాడిన రాతి దిమ్మెలు చూస్తే ఆ పేరు ఎందుకు వచ్చిందో అడగనక్కరలేదు. యుధిష్ఠిరుని గుడిలో పదకొండవ శతాబ్దపు చోళ చక్రవర్తి రాజేంద్రుని విజయశాసనం సంస్కృతంలోను, తమిళంలోను ఉన్నది. పక్కనే చోళుల పులి, జంట చేపల గుర్తు చెక్కి ఉన్నది. కావేరి ఒడ్డు నుంచి వచ్చిన సేన ఈ కొండ శిఖరం దాకా ఎక్కి, గంగరాజుల కులదైవం ఎదుట తన గెలుపును రాతికెక్కించి పోయింది. ఆ తరువాతి తరాల్లో గంగరాజులు చోళుల ఇంటి పిల్లను చేసుకున్నారు. రాజరాజ దేవేంద్రవర్మకూ చోళ రాజకుమారి రాజసుందరికీ పుట్టిన కొడుకే చోడగంగుడు. తల్లి వంశమూ తండ్రి వంశమూ రెండూ ఆ పేరులోనే ఉన్నాయి. ఆయన కాలంలోనే రాజధాని ముఖలింగం నుంచి ఉత్తరాన కటకానికి తరలింది, పూరీ జగన్నాథుని మహాలయానికి పునాది పడింది. కొండ మీది తమిళ అక్షరాలు, కొండ కింది తెలుగు అక్షరాలు, పూరీలోని గుడి, ఈ మూడింటినీ కలిపే మనిషి ఒక్కడే. శివరాత్రికి మహేంద్రగిరి ఎక్కే వేలమందిలో ఎందరు ఆ పులి బొమ్మ దగ్గర ఆగుతారు? ఆగినవారు అది పులి అని మాత్రం చెప్పుకుని దిగిపోతారు.

మా తప్పు కూడా ఒప్పుకోవాలి. చిన్నప్పుడు మేము గుడికి వెళ్ళినప్పుడల్లా శాసనాల అక్షరాల గాడుల్లో కుంకుమ అద్దేవాళ్ళం, మిగిలిన దీపం నూనె చేతులు ఆ రాళ్ళకే తుడిచేవాళ్ళం. దేవుడి గోడ కదా అన్న భక్తే తప్ప చెడుబుద్ధి కాదు. ఇప్పటికీ కొందరు అక్షరాల మీద పసుపు రాస్తారు, స్తంభాలకు కర్పూరం అంటిస్తారు, పేర్లు గీకే కుర్రవాళ్ళ సంగతి సరేసరి. దీనికి జరిమానా బోర్డు కొంత పని చేస్తుంది. అయితే ఇక్కడ ఫలానా ఆమె తొమ్మిది వందల ఏళ్ళ కిందట తన భర్త పుణ్యం కోసం దీపం పెట్టింది అని పక్కనే చదివినవాడు ఆ పేరు మీద నూనె చెయ్యి తుడుస్తాడా? నేనైతే తుడిచేవాణ్ణి కాదు.

ఇందుకు అడ్డుగా మీరు చెప్పగలిగిన మాటలు కొన్ని నాకు తెలుసు. శాసనాలన్నింటికీ పలకలు పెడితే గుడి గోడలు కనబడవంటారు. నిజమే, అన్నీ అడగడం లేదు. మధుకేశ్వరుని దగ్గర పది, భీమేశ్వరుని దగ్గర ఒకటో రెండో, యుధిష్ఠిరుని గుడిలో ఒకటి చాలు. వాటిని గోడకు మేకులు కొట్టి తగిలించవద్దు, అడుగు దూరంలో నేల మీద నిలబెట్టండి. ఫోన్‌తో స్కాన్ చేస్తే వచ్చేలా పెడతామంటారు. పెట్టండి, కాని మహేంద్రగిరి మీద సిగ్నల్ సంగతి ఎక్కినవారికి తెలుసు. రెండు భాషల్లో రాస్తే గంగరాజులు మావారంటే మావారని తగవు రేగుతుందంటారు. ఆ తగవు ఇప్పటికే ఉన్నది, సగం సగం తెలిసినవారి మధ్యనే ఉన్నది. ముఖలింగంలో పలక పెట్టినప్పుడు చోడగంగుడు పూరీ గుడికి పునాది వేసినవాడని ఒడియాలోనూ రాయండి, మహేంద్రగిరిలో పెట్టినప్పుడు ఆయన ముత్తాతల రాజధాని వంశధార ఒడ్డున ఉండేదని తెలుగులోనూ రాయండి. అంతకుమించి రాజీ కుదర్చనక్కరలేదు.

రాతలో మాత్రం జాగ్రత్త పడమని వేడుకుంటున్నాను. ఇంగ్లీషులో ముందు రాసి, దానిని యంత్రం చేత తెలుగులోకి మార్పించి, సరిచూడకుండా చెక్కించిన పలకలు ఇతర క్షేత్రాల్లో చూసి బాధపడ్డాను. ఒకచోట అఖండదీపం కాస్తా "పగలని దీపం" అయి కూర్చున్నది. శాసనభాష తెలిసిన పండితుడు ఒకరు, బడిపిల్లలకు పాఠం చెప్పిన ఉపాధ్యాయుడు ఒకరు, ఒడియా బాగా వచ్చినవారు ఒకరు కలిసి కూర్చుంటే పది పలకల పాఠం పది రోజుల పని. మా ఊళ్ళో రెండు భాషల్లోనూ సమానంగా రాయగలిగిన పదవీవిరమణ చేసిన ఉపాధ్యాయులు కొందరున్నారు. పారితోషికం అడగం, బస్సు చార్జీ కూడా అడగం.

ఇకపోతే, రెండు రాష్ట్రాల బడులవారు పిల్లలను తీసుకువెళ్ళే విహారయాత్రల్లో ముఖలింగాన్నీ మహేంద్రగిరినీ ఒకే యాత్రగా చేర్చడం మీ ఒక్కరి చేతిలో లేదని తెలుసు. మీరు ఒక మాట రాస్తే విద్యాశాఖలవారు వింటారన్న ఆశతో దానినీ ఇక్కడ ప్రస్తావించాను.

ఆ రోజు మనవరాలి ముందు తలవంచుకున్న తరువాత నేను ఊరుకోలేదు. తెలిసినవారి సాయంతో ఆ అయిదవ సంపుటంలోని పాఠాలు కొన్ని సంపాదించి, గోడ ముందు కూర్చుని పోల్చి చూసుకుంటూ, ఇప్పటికి మూడు దీపదాన శాసనాలను మొదటి నుంచి చివరి దాకా చదవగలిగాను. మూలపాఠం ఒక పక్క, నాకు తోచిన వాడుక తెలుగు ఒక పక్క, మా పక్కింటి ఉపాధ్యాయుడు రాసిన ఒడియా ఒక పక్క ఉంచి, ఆ మూడింటినీ ఈ లేఖతో జతపరుస్తున్నాను. తప్పులుంటాయి, తెలిసినవారి చేత దిద్దించండి. వచ్చే శివరాత్రికి ఆ మూడైనా ఆ రాళ్ళ పక్కన ఉంటే, చక్రతీర్థానికి వెళ్ళినప్పుడు మా మనవరాలి చేత ఒడియాలో చదివించుకుంటాను, నేను తెలుగులో చదువుతాను.

ఇట్లు,
మీ విధేయుడు,
పర్లాకిమిడికి చెందిన ఒక విశ్రాంత తెలుగు ఉపాధ్యాయుడు